డేన్ల దేశమున ఆగిన ఉత్తరము, జంగ్లీఘాట్‌కు రావలసిన పత్రిక

(జంగ్లీఘాట్‌లో తపాలా, రైల్వే ఉద్యోగుల అధ్యయన తరగతిలో చేసిన ప్రసంగ పాఠము)



జంగ్లీఘాట్‌లో కూర్చుండి డెన్మార్కు పత్రికలను గురించి, రేడియోను గురించి మాటలాడుకొనుట కొందరికి వింతగా తోచవచ్చును. ఎక్కడి ఉత్తర సముద్రము, ఎక్కడి బంగాళాఖాతము! రైలుపట్టా లేని ఈ ద్వీపములో రైల్వే ఉద్యోగులకు పని యేమని కూడ ఒక మిత్రుడు ఇంతకుముందే నవ్వుచు అడిగినాడు. దానికి సమాధానము సులభము. విశాఖ వైపునుండి గాని, విజయవాడ వైపునుండి గాని బయలుదేరిన తపాలా సంచి చెన్నపట్టణపు రేవునకో, కలకత్తా రేవునకో, అచ్చటి విమానాశ్రయమునకో చేరవలెనన్న తొలి మజిలీ రైలుబండియే. రైలు ఇచ్చటికి రాకపోయినను, రైలు మోసిన సంచి ఇచ్చటికి వచ్చుచున్నది.

డెన్మార్కు సంగతి ఎందుకన్న ప్రశ్నకు సమాధానము కొంచెము పెద్దది. 2025 డిసెంబరు 30వ తేదీన ఆ దేశపు తపాలా సంస్థ తన చివరి ఉత్తరమును బట్వాడా చేసినది. 1624లో నాలుగవ క్రిస్టియన్ రాజు నెలకొల్పిన తపాలా, నాలుగు వందల సంవత్సరములు నడిచిన పిదప, ఉత్తరములు మోయుట మానివేసినది. ఇంతటి పని ఒక్క దినములో జరుగదు. ఆ ప్రజలు ఎట్లు చదివినారు, ఎట్లు విన్నారు, పత్రికలను ఎట్లు నడిపినారు, చివరకు ఉత్తరము ఎట్లు వదలుకొన్నారు అను చరిత్రను తెలిసికొనుట తపాలావారికిని, వారి సంచులను మోయు రైలువారికిని అక్కరకు వచ్చును. ఈ చరిత్రలో ఒక భాగము మన పక్కనున్న నికోబారు ద్వీపములలోనే జరిగినది గనుక, అక్కడినుండియే మొదలుపెట్టెదము.

1756 ప్రాంతమున డేన్లు నికోబారు ద్వీపములను తమవిగా ప్రకటించి, తమ రాజు పేరిట ఫ్రెడరిక్ ద్వీపములని పిలిచినారు. తమిళనాటి తరంగంబాడి నుండి వాటిని పాలించుటకు ప్రయత్నించినారు. మలేరియా జ్వరమునకు వచ్చినవారు వచ్చినట్లే నేలకొరిగినారు. వలసలు నిలువలేదు. 1846లో గలాతియా అను డేనిష్ ఓడ శాస్త్రజ్ఞులతో వచ్చి ఈ సముద్రములను పరిశీలించి పోయినది. గ్రేట్ నికోబారులోని గలాతియా నది, గలాతియా అఖాతము ఆ ఓడ పేరే మోయుచున్నవి. 1868లో డెన్మార్కు ఈ ద్వీపములపై తన హక్కును ఆంగ్లేయులకు వదలివేసినది. ఒక శతాబ్దమునకు పైగా తమదని చెప్పుకొన్న భూమిలో వారు మిగిల్చిపోయినది నాలుగు పేర్లును, కొన్ని సమాధులును మాత్రమే.

కాని తరంగంబాడిలో వారి ఆశ్రయమున జరిగిన పని వేరు. డేనిష్ రాజు పంపగా 1706లో వచ్చిన జర్మను మతబోధకుడు సీగెన్‌బాల్గు అచ్చట తమిళ ముద్రణాలయమును నెలకొల్పినాడు. అదే మిషనుకు 1719లో వచ్చిన బెంజమిన్ షుల్జ్ తరువాత చెన్నపట్టణము చేరి తెలుగు నేర్చినాడు, తెలుగునకు వ్యాకరణము వ్రాసినాడు. స్వదేశమునకు తిరిగిపోయిన పిదప 1746, 1747 సంవత్సరములలో జర్మనీలోని హాలే పట్టణమున తెలుగు పుస్తకములను అచ్చువేయించినాడు. తెలుగులో తొలి ముద్రిత గ్రంథములు ఇవియేనని చరిత్రకారులు చెప్పుచున్నారు. వారి ఉద్దేశము మతప్రచారము. అది అందరికి తెలిసినదే. అయినను, కంపోజింగు కేసులో తెలుగు అక్షరము తొలిసారి పడిన కథలో డేనిష్ రాజు ఖజానా కొంత పాత్ర వహించినదన్నది నిజము.

శ్రీరాంపురము సంగతియు అట్టిదే. తన ఏలుబడిలోని నేలపై మతబోధకులు ప్రెస్సు పెట్టుటకు ఈస్టిండియా కంపెనీ ఇష్టపడలేదు. కలకత్తాకు ఎగువన హుగ్లీ ఒడ్డున డేనిష్ జెండా ఎగురుచున్న శ్రీరాంపురములో విలియం కేరీ బృందమునకు 1800లో చోటు దొరికినది. కేరీ తెలుగు వ్యాకరణము 1814లో అచ్చటనే అచ్చయినది. 1818లో వంగభాషలో సమాచార దర్పణమను పత్రిక అచ్చటనుండియే వెలువడినది. 1845లో డేన్లు తరంగంబాడిని, శ్రీరాంపురమును కంపెనీకి అమ్మివేసి వెడలిపోయినారు. ఒక ప్రభుత్వము కాదన్న అచ్చుయంత్రమునకు మరియొక ప్రభుత్వపు జెండా నీడనిచ్చిన ఈ సంగతిని యూనియను పత్రికలు నడుపువారు మరువరాదు.

ఇక డెన్మార్కునకు పోవుదము. ఆ దేశపు జనసంఖ్య ఈనాటికిని అరువది లక్షలు మాత్రమే. మన ఉత్తరాంధ్ర జిల్లాలు కొన్ని కలిపిన అంత యగును. అంత చిన్న జాతి అంతగా చదువుట ఎట్లు అలవరచుకొన్నదో చూడవలెను. పిల్లలకు చదువు తప్పనిసరి యను చట్టము 1814లో వచ్చినది. 1844లో రోడింగ్ అను పల్లెలో రైతుబిడ్డల కొరకు జానపద విద్యాలయము తెరచినారు. పరీక్షలు లేని బడి అది. పాలేరులు, చిన్న రైతులు శీతాకాలమున వచ్చి చరిత్ర విని, పాటలు పాడి, పత్రిక చదివి పోయెడివారు. 1849 రాజ్యాంగము పత్రికలపై ముందస్తు పరిశీలనను రద్దుచేసి, అట్టి ఏర్పాటు మరల ఎన్నటికిని రారాదని నిర్దేశించినది. అంతకుముందు 1770లోనే స్ట్రుయెన్సే అను మంత్రి ఆ పరిశీలనను ఒక్క కలముపోటుతో తొలగించినాడు. అయితే ఆ స్వేచ్ఛ ఎక్కువ కాలము నిలువలేదు, ఆ మంత్రి తలయు నిలువలేదు. 1920లో గ్రంథాలయ చట్టము వచ్చి ఊరూర చదువుకొను గదికి ప్రభుత్వపు సొమ్ము చేర్చినది. బెర్లింగ్‌స్కె అను పత్రిక 1749లో పుట్టి నేటికిని వెలువడుచున్నది.

వారి పత్రికల చరిత్రలో మనము ఎక్కువ సేపు నిలువవలసిన చోటొకటి కలదు. పందొమ్మిదవ శతాబ్దపు చివరి భాగమునుండి డెన్మార్కులో నాలుగు పత్రికల పద్ధతి అని ఒకటి నడిచినది. ఒక మోస్తరు పట్టణము ఉన్నచో అందులో నాలుగు దినపత్రికలు ఉండెడివి. భూస్వాముల, ఉన్నతోద్యోగుల పక్షపు పత్రిక ఒకటి. రైతుల పక్షపుది ఒకటి. చిన్నకారు రైతుల, ఉపాధ్యాయుల పక్షపుది మరియొకటి. కార్మికులది నాలుగవది. ఏ ఇంటికి ఏ పత్రిక పోవుచున్నదో తెలిసిన పోస్టుమాన్‌కు ఆ ఇంటివారు ఎవరికి ఓటు వేయుదురో తెలిసియుండెడిదన్నమాట. నేడు మన తెలుగు జిల్లాలలోను ఏ టీవీ ఛానలు ఏ ఇంట మ్రోగుచున్నదో విని పక్షమును చెప్పవచ్చును. అయితే తేడా ఒకటి కలదు. డేనిష్ కార్మికుని పత్రిక కార్మికుని సొమ్ముతో నడిచినది.

ఆ పత్రిక కథ ఇది. 1871లో లూయీ పియో అను యువకుడు కోపెన్‌హాగన్‌లో సోషలిస్టెన్ అను పత్రికను ప్రారంభించినాడు. పియో స్వయముగా తపాలా శాఖలో ఉద్యోగము చేసినవాడు. అతనిని చెరలో పెట్టినారు. విడుదలయిన పిదప 1877లో పోలీసులు ఇచ్చిన డబ్బు పుచ్చుకొని అమెరికాకు ఓడ ఎక్కినాడు. ఉద్యమము సిగ్గుతో తలవంచుకొన్నది గాని పత్రిక చావలేదు. 1874 నుండియే దాని పేరు సోషల్ డెమోక్రాటెన్. సంఘముల చందాలతో, సహకార ముద్రణాలయములతో అది దేశమంతట కార్మికపత్రికలకు తల్లివేరయినది. 1959లో దాని పేరు ఆక్టువెల్ట్ అని మారినది. పేరు మార్చిన కొలది పాఠకులు తగ్గినారు. టెలివిజను వచ్చినది, వ్యాపార ప్రకటనలు పెద్ద పత్రికలవైపు పోయినవి, కార్మికుని కొడుకు తండ్రి పత్రికకు మారుగా క్రీడలు, సినిమా వార్తలు ఎక్కువగా వేయు పత్రికను కొన్నాడు. యూనియనులు సంవత్సరము వెంట సంవత్సరము నష్టమును పూడ్చినవి. 2001 ఏప్రిలులో ఇక చాలుననినవి. నూట ముప్పది సంవత్సరముల పత్రిక మూతపడినది.

డెన్మార్కులో యూనియనులు బలహీనములు కావు. పనిచేయువారిలో మూడింట రెండువంతుల మంది నేటికిని సంఘ సభ్యులే. అంత సభ్యత్వముండియు తమ దినపత్రికను నిలుపుకొనలేకపోయినారు. ఎందువలన? మా అభిప్రాయములో, పత్రికను సభ్యుడు తనదిగా చదువుట మాని, సంఘపు ఖర్చుగా చూచుట ప్రారంభించిన దినముననే దాని ఆయువు తీరినది. చందా జీతమునుండి కోతపడినది గాని కన్ను పుటపై పడలేదు. ఫెడరేషను కార్యాలయమునుండి వచ్చిన బులెటిన్ కట్టను దారము విప్పకయే బీరువాపై పెట్టు శాఖా కార్యదర్శులు మన యందును లేకపోలేదు. వారిని నిందించుటకు ఇది వేదిక కాదు. కట్ట విప్పించు పని మాత్రము సభ్యులదే.

డేన్లు పత్రిక విలువ ఎరిగిన కాలమొకటి కలదు. 1940 ఏప్రిలు 9న జర్మను సైన్యము ఆ దేశమును ఆక్రమించినది. అచ్చటి పత్రికలు, రేడియో సెన్సారు క్రిందికి వచ్చినవి. అప్పుడు రహస్య పత్రికలు పుట్టినవి. వంటగదులలో, వైద్యుల గదులలో సైక్లోస్టైలు యంత్రములు తిరిగినవి. యుద్ధము ముగియునాటికి చిన్నవి పెద్దవి కలిపి అట్టి పత్రికల సంఖ్య వందలకు చేరినది. ఇవి చేతినుండి చేతికి, సైకిలు సంచినుండి సంచికి మారినవి. లండను నుండి బి.బి.సి. డేనిష్ భాషలో చెప్పు వార్తలను తలుపులు మూసికొని వినెడివారు. 1945 మే 4 సాయంకాలము ఆ రేడియోలోనే జర్మను సేనలు లొంగిపోయినవను వార్త వినబడినది. జనులు కిటికీల నల్లతెరలను చించివేసినారు. నేటికిని ప్రతి సంవత్సరము మే 4 రాత్రి అనేకుల ఇండ్ల కిటికీలలో కొవ్వొత్తులు వెలుగును. ఒక రేడియో వార్త జ్ఞాపకార్థము దీపములు పెట్టు జాతి మరియొకటి కలదేమో మాకు తెలియదు.

మన రైల్వే సోదరులకు 1974 గుర్తుండును, లేదా పెద్దలు చెప్పగా వినియుందురు. మే 8 నుండి 27 వరకు సాగిన ఆ సమ్మెలో ఆకాశవాణి ప్రభుత్వ శాఖ. ప్రభుత్వము చెప్పదలచినది అందులో వినబడినది. సమ్మె చేయుచున్నవాడు ఏమి చెప్పదలచినాడో దేశమునకు చెప్పు మార్గము కరపత్రము, గోడపై అంటించిన కాగితము, ఒక స్టేషను నుండి మరియొక స్టేషనుకు నోటిమాటగా పోయిన కబురు. ప్రసార భారతి ఏర్పడినది 1997లో గదా.

డేన్ల రేడియో 1925లో ప్రభుత్వ ఆధీనములోనికి వచ్చినది. అయినను అది మంత్రి చెప్పుచేతలలో నడువకుండ, రేడియో గల ప్రతి ఇంటినుండి వసూలగు లైసెన్సు రుసుముతో నడిచినది. 1951లో టెలివిజను వచ్చినది. 1988 అక్టోబరు 1న టీవీ 2 అను రెండవ సంస్థ ప్రారంభమగువరకు జాతీయ టెలివిజను డి.ఆర్. ఒక్కటే. మన దేశములోను రేడియో లైసెన్సును తపాలా కార్యాలయములోనే కట్టెడివారని పెద్దలకు జ్ఞాపకముండును. డెన్మార్కులో ఆ రుసుమును 2018లో రద్దు చేయుటకు నిశ్చయించి, క్రమముగా తగ్గించి, పన్నుల సొమ్మునుండి ఇచ్చు పద్ధతికి మార్చినారు. రుసుము పోవుట ప్రజలకు మేలే యని తోచును. కాని దానితోపాటే సంస్థ బడ్జెటులో నూటికి ఇరువది కోత పెట్టినారు. సుమారు నాలుగు వందల ఉద్యోగములు పోయినవి. రుసుము రద్దు అను తీపిమాట వెనుక ఈ కోత ఉన్నది. బడ్జెటు పత్రమును చివరి పుటవరకు చదువు అలవాటు మన సంఘములలో పెరుగవలెను.

ఇప్పుడు ఉత్తరము విషయమునకు వత్తము. ఇది మన ప్రాణముతో ముడిపడినది.

2000 సంవత్సర ప్రాంతమున డెన్మార్కులో ఏటా 140 కోట్ల ఉత్తరములు నడిచెడివి. 2024లో 11 కోట్లు. నూటికి తొంబదికి పైగా పడిపోయినది. జనులు ఫోనులో వ్రాసికొనుచున్నారు గనుక ఉత్తరము తనంతట తానే చచ్చినదని పత్రికలు వ్రాసినవి. ఇది సగము నిజము. తపాలాకు ఎక్కువ ఉత్తరములు ఇచ్చునది ప్రేమికులు కారు, బంధువులు కారు. ప్రభుత్వ కార్యాలయములు, బ్యాంకులు, ఆసుపత్రులు, విద్యుచ్ఛక్తి సంస్థలు. 2014 నవంబరు 1 నుండి పదునైదేండ్లు దాటిన ప్రతి పౌరుడు ప్రభుత్వపు ఉత్తరమును కంప్యూటరు పెట్టెలోనే అందుకొనవలెనని చట్టము చేసినారు. ప్రత్యేకముగా మినహాయింపు కోరినవారికి మాత్రమే కాగితము. అనగా ఉత్తరముల మహానదికి ఎగువన ఆనకట్ట కట్టినది ప్రభుత్వమే. దిగువన నీరు తగ్గినదని లెక్కచూపినదియు ప్రభుత్వమే.

మధ్యలో జరిగిన ఇతర పనులను కూడ చూడుడు. 2005లో డేనిష్ తపాలా సంస్థలో 22 శాతము వాటాను ఒక ప్రైవేటు పెట్టుబడి కంపెనీకి అమ్మినారు. 2009లో స్వీడను తపాలాతో కలిపి పోస్ట్‌నార్డ్ అను సంస్థగా మార్చినారు. అందులో స్వీడనుకు నూటికి అరువది, డెన్మార్కునకు నలువది వాటా. ఉత్తరము చేరు దినములు తగ్గించినారు, ధర పెంచినారు. 2024 జనవరి 1 నుండి క్రొత్త చట్టము అమలులోనికి వచ్చి, దేశమంతట ఉత్తరము చేర్చవలెనను బాధ్యత ఆ సంస్థపై లేకుండ పోయినది. అంతవరకు లేని 25 శాతము పన్ను ఉత్తరముపై పడినది. మామూలు ఉత్తరము ఖరీదు 29 క్రోనర్లకు చేరినది. మన రూపాయలలో మూడు వందలకు మించును. ధర పెరిగిన పిదప ఎవరు వ్రాయుదురు? ఎవరును వ్రాయుటలేదు గనుక ఎందుకు నడుపవలెను? ఈ రెండు ప్రశ్నలు ఒకదాని తోక ఒకటి పట్టుకొని తిరిగినవి.

2025 మార్చిలో నిర్ణయము ప్రకటించినారు. 4,600 మంది ఉద్యోగులలో 1,500 మందికి పని పోయినది. వీధులలోని 1,500 ఎఱ్ఱ పెట్టెలను తొలగించినారు. తీసివేసిన పెట్టెలను డిసెంబరులో అమ్మకమునకు పెట్టగా జనులు విరగబడి కొన్నారు. పెట్టె వీధిలో నున్నప్పుడు అందులో ఉత్తరము వేయనివారు, పెట్టె పోయిన తరువాత దానిని ముంగిట అలంకారముగా నిలుపుకొనుటకు వేల క్రోనర్లు పోసినారు. తపాలా సంస్థ ఇకమీదట పార్సెళ్లు మాత్రమే మోయును. ఉత్తరములను డి.ఎ.ఓ. అను ప్రైవేటు సంస్థ మోయుచున్నది. ఆ మూడు అక్షరముల వెనుకనున్న అసలు పేరునకు అర్థము డేనిష్ పత్రికల బట్వాడా. పత్రికలు పంచుటకు పుట్టిన సంస్థ చేతిలోనికి ఉత్తరములు పోయినవి. ఉత్తరములతోపాటు పత్రికలు మోసిన ప్రభుత్వ తపాలా ఆ పని వదలుకొన్నది.

నూటికి సుమారు ఐదుగురు కంప్యూటరు పెట్టె నుండి మినహాయింపు పొందినవారు. వృద్ధులు, అంగవైకల్యము గలవారు, ఒంటరివారు. వృద్ధుల సంఘములు వీరి గతి యేమని అడిగినవి. ఉత్తరము ఇకమీదటను దొరకును, పెట్టె దగ్గరకు గాక దుకాణము దగ్గరకు పోవలెను, లేదా ఎక్కువ డబ్బిచ్చి ఇంటివద్ద ఇవ్వవలెను అని సమాధానము. నూటికి ఐదుగురు అని చెప్పిన తక్కువగా వినబడును. మనుష్యులుగా లెక్కించిన రెండున్నర లక్షలకు పైబడుదురు.

ఇప్పుడు మన ఊరికి వత్తము.

2011 జనాభా లెక్కలలో అండమాను నికోబారు ద్వీపముల జనసంఖ్య మూడు లక్షల ఎనుబది వేలు. అందులో తెలుగు మాతృభాషగా గలవారు నూటికి 13 మందికి పైగా, అనగా ఏబది వేలు. వంగ, హిందీ, తమిళముల తరువాత స్థానము తెలుగుదే. 2024 సెప్టెంబరులో శ్రీ విజయపురమని పేరు మార్చబడిన పోర్టు బ్లెయిర్ నగరములో ఈ జంగ్లీఘాట్ తెలుగువారి ప్రధాన వాడ. శ్రీకాకుళము, విజయనగరము, విశాఖపట్టణము తీరమునుండి వేటకు వచ్చినవారు, కూలికి వచ్చినవారు, వారి పిల్లలు, మనుమలు ఇచ్చట స్థిరపడినారు. రేవులో తెల్లవారుజామున చేపల బుట్టల దగ్గర వినబడు తెలుగు భీమునిపట్నపు తెలుగు. బడిలో హిందీ, కార్యాలయములో హిందీ, ఇంగ్లీషు, ఇంటిలో తెలుగు.

ఈ తెలుగువారికి చదువుటకు దొరకునదేమి? ఇచ్చట పాలనాయంత్రాంగము అచ్చువేయు ది డైలీ టెలిగ్రామ్స్ అను ఇంగ్లీషు దినపత్రిక కలదు. పేరులోనే టెలిగ్రాము ఉన్నది. తంతి తపాలావారికి ఆ పేరు వినగానే మనస్సు కలుక్కుమనును, ఏలయన మన దేశమున టెలిగ్రాము 2013 జూలై 14న ముగిసినది, పత్రిక పేరులో మాత్రము నిలిచియున్నది. హిందీలో ద్వీప సమాచార్ కలదు. ప్రధాన తెలుగు దినపత్రికలలో ఏదియు ఇచ్చట అచ్చుకాదు. 1974 ఆగస్టు 10న విశాఖపట్టణమున ఈనాడు ప్రారంభమైనప్పుడు, ఉత్తరాంధ్ర పల్లెలలో సూర్యోదయమునకు ముందే పత్రిక గుమ్మములో పడుట ఒక వింతగా చెప్పుకొన్నారు. అదే తీరమునుండి వచ్చిన జంగ్లీఘాట్‌వాసికి ఆ వేగము అందలేదు. మధ్య సుమారు పండ్రెండు వందల కిలోమీటర్ల సముద్రము. ఓడలో వచ్చిన మూడు నాలుగు దినములు. సముద్రము కోపించిన ఇంకను ఎక్కువ. వారము దినముల పత్రికలు ఒక్కసారి వచ్చినప్పుడు, తేదీల వరుసలో పేర్చుకొని దినమునకొకటి చొప్పున చదువుకొనువారు ఉండెడివారు. వార్త పాతదైనను ఊరి పేరు క్రొత్తగానే కనబడును.

రేడియో వేరు. పోర్టు బ్లెయిర్ ఆకాశవాణి కేంద్రము 1963లో ప్రారంభమైనది. వేటకు పోవు పడవవానికి వార్తలకన్న వాతావరణ హెచ్చరిక ముఖ్యము. 2004 డిసెంబరు 26న సునామీ వచ్చి నికోబారు ద్వీపములతో సంబంధములు తెగిపోయిన దినములలో, బ్యాటరీతో పలుకు చిన్న రేడియో ఎంత విలువైనదో ఇచ్చటివారికి ఎవరును చెప్పనక్కరలేదు. కంప్యూటరు పెట్టెకు కరెంటు కావలెను, తీగ కావలెను, స్తంభము నిలిచియుండవలెను.

ఆ పిదప కేబులు టీవీ వచ్చి తెలుగు ఛానళ్లు ఇండ్లలోనికి వచ్చినవి. 1995లో జెమిని, ఈటీవీ మొదలయిన తరువాత పుట్టిన పిల్లలకు తెలుగు అనగా చూచునది, వినునది. చదువునది కాదు. 2020 ఆగస్టు 10న చెన్నై నుండి సముద్రగర్భములో వేసిన ఆప్టికల్ ఫైబర్ తీగ ప్రారంభమైనది. పొడవు సుమారు 2,300 కిలోమీటర్లు. ఖర్చు సుమారు 1,224 కోట్ల రూపాయలు. పోర్టు బ్లెయిర్ నుండి లిటిల్ అండమాను, కారు నికోబారు, కమోర్టా, గ్రేట్ నికోబారు వరకు అది చేరినది. అంతకుముందు ఉపగ్రహము ద్వారా వచ్చు స్వల్పమైన వసతితో నెట్టుకొన్న ద్వీపవాసులకు ఇది పెద్ద మేలు. ఇప్పుడు శ్రీకాకుళములోని పెండ్లిని జంగ్లీఘాట్‌లో ఉన్న మేనత్త ఫోనులోనే చూచుచున్నది. దీనిని తప్పుపట్టుట మూర్ఖత్వము. మేనత్తకు ఆ సుఖము కావలసినదే.

అయితే తీగ వచ్చినది గనుక సంచి అక్కరలేదనువారు నేడో రేపో వత్తురు. డెన్మార్కు ఉదాహరణను తెచ్చి మన ముందుంచుదురు. అప్పుడు చెప్పవలసిన సమాధానమును నేడే సిద్ధపరచుకొనవలెను.

మన దేశమున లక్షా అరువది నాలుగు వేలకు పైగా తపాలా కార్యాలయములు కలవు. నూటికి తొంబది పల్లెలలోనే. మన తపాలా మోయునది ఉత్తరము ఒక్కటే కాదు. మన తపాలా పొదుపు ఖాతా మోయుచున్నది, మనియార్డరు మోయుచున్నది, వృద్ధుల పింఛను మోయుచున్నది, గ్రామీణ డాక్ సేవకుని సైకిలుపై ఎరువుల దుకాణము రశీదు కూడ పోవుచున్నది. కావున డెన్మార్కులో జరిగినది ఇచ్చట అట్లే జరుగునని భయపడనక్కరలేదు. కాని దారి ఎటు పోవుచున్నదో చూడవలెను. 1898 నాటి తపాలా చట్టమునకు మారుగా వచ్చిన 2023 చట్టము 2024 జూన్ 18 నుండి అమలులోనున్నది. ఉత్తరములు మోయుటలో ప్రభుత్వమునకు పాత చట్టము ఇచ్చిన ప్రత్యేకాధికారము క్రొత్త చట్టములో లేదు. 2025 సెప్టెంబరు 1 నుండి రిజిష్టర్డు పోస్టును స్పీడు పోస్టులో కలిపివేసినారు. పేదవాని కోర్టు నోటీసు, నిరుద్యోగి దరఖాస్తు పోవుచుండిన సేవ అది. డెన్మార్కులోను మొదటి మెట్లు ఇట్లే చిన్నవిగా ఉండినవి. ఒక దినము తగ్గించినారు, ఒక రుసుము పెంచినారు, ఒక సేవను మరియొకదానిలో కలిపినారు. మెట్టు మెట్టునకు కారణము చెప్పినారు. ప్రతి కారణము విడిగా చూచిన సబబుగానే ఉండినది.

డేన్ల కథలో మాకు మిక్కిలి బాధ కలిగించినది ఉత్తరముల సంఖ్య పడిపోవుట కాదు. లెక్కలన్నియు ఒక పక్షమువారివే అగుట. ఎన్ని ఉత్తరములు తగ్గినవో సంస్థ లెక్కించినది. ఏ ఉత్తరము ఆలస్యమై ఎవరి పని చెడినదో, ధర పెరిగి ఎవరు వ్రాయుట మానినారో లెక్కించు బాధ్యత ఎవరిపైనను లేకపోయినది. ఆక్టువెల్ట్ వంటి పత్రిక బ్రతికియుండిన ఆ పని చేసియుండునేమో. అది అప్పటికి ఇరువది నాలుగేండ్ల క్రిందటనే మూతపడినది. తమ దినపత్రిక లేని ఉద్యమము ఇతరుల పత్రికలలో తన గతిని చదువుకొన్నది.

కావున జంగ్లీఘాట్ సభ్యులను మేము కోరునది చాల చిన్న పని. తెలుగు పత్రికలకు, ఈ బులెటిన్‌కు తపాలా ద్వారా చందాదారులైనవారు ఈ వాడలో ఎందరో కలరు. కట్టపై రెండు ముద్రలుండును. బయలుదేరిన చోటి తేదీ ఒకటి, ఇచ్చటికి చేరిన తేదీ మరియొకటి. రెండును వ్రాసి పెట్టుకొనుడు. ముద్ర సరిగా పడకున్నచో ఆ సంగతి కూడ వ్రాయుడు. ఓడలో వచ్చినదో విమానములో వచ్చినదో సార్టింగ్‌లోని సోదరులకు తెలియును, వారిని అడుగుడు. రైలు భాగములో ఎన్ని దినములు ఆగినదో విశాఖ, చెన్నై ఆర్.ఎం.ఎస్. సోదరులు చెప్పగలరు. ఇది ఎవరిపైనను ఫిర్యాదు కాదు. ఏ సోదరుని మెడకు తగిలించుటకు ఉద్దేశించినదియు కాదు. సిబ్బంది చాలక కట్ట ఆగినచోట సిబ్బంది చాలలేదనియే వ్రాయవలెను. ఆరు మాసములు వ్రాసిన, ఏబది వేల తెలుగువారికి తమ భాషలో కాగితము ఎన్ని దినములకు చేరుచున్నదో చెప్పు లెక్క మొదటిసారి ఉద్యోగుల చేతిలో ఉండును.

చదువలేని పిల్లల విషయములోను ఒక మాట. బులెటిన్ చేరిన ఆదివారమున ఒకరు బిగ్గరగా చదువగా పదిమంది వినుట మన పాత పద్ధతి. బీడీ కార్ఖానాలలో, రైల్వే గ్యాంగు గుడిసెలలో అట్లే పత్రికలు చదివినారు. పిల్లలను పక్కన కూర్చుండబెట్టుకొని, అక్షరముపై వ్రేలు పెట్టి చదువుడు. ఫోనులో వినుచున్న తెలుగు వారికి కాగితముపై కూడ కనబడును.

తేదీల పట్టికలు కార్యదర్శివద్ద నున్నవి. మూడు గడులు: బయలుదేరిన దినము, చేరిన దినము, వచ్చిన మార్గము. పోవునప్పుడు తలా ఒకటి తీసికొనుడు. మొదటి పట్టికలు మార్చి నెలాఖరునకు చేరిన, తరువాతి సంచికలో అచ్చువేయుదము.